మిగిలిన కునుకులు

కునుకు 18

ఇది రెండో నోటుపుస్తకం. మొదటిది నిండిపోయింది. ఆరోగ్య కేంద్రం పిల్ల లిఖిత దీన్ని ఇస్తూ, "మామ్మా, మరీ అంత రాయక్కర్లేదు. ఎక్కడికి వెళ్ళావు, ఎవరు కనిపించారు, ఎన్నింటికి లేచావు, అంతే రాయి" అంది. అంతే రాస్తే ఏదో ఒకటి వదిలేస్తానని నాకు భయం. ఆ వదిలేసిందే రేపు వాళ్ళకి కావలసివస్తే? అందుకని అన్నీ రాస్తున్నాను. నేను చదివింది మూడో తరగతి. తప్పులుంటే లిఖితే దిద్దుకుంటుంది.

పొద్దున్న, మంచులోంచి నీళ్ళు పట్టే మంచువలలు ఆరూ దులిపి పిండాను. నాలుగు బిందెల నీళ్ళు వచ్చాయి. మూడో వలలో జానెడు చిల్లు పడింది. కొయ్యసూది పెట్టి అల్లేశాను. ఒకప్పుడు ఈ చేతులు చేపల వలలు అల్లాయి. ఇప్పుడు కొండమీద మంచుకి అల్లుతున్నాయి. ముడి మాత్రం అదే ముడి.

పదకొండున్నరకి మబ్బు దిగింది. అది దిగితే ఈ పేటలో కూర్చున్నవాళ్ళు కూర్చున్నట్టే కునికి, ఎప్పుడో గడిచిపోయిన రోజుల్లోకి వెళ్తారు. పొయ్యి ఆర్పి, తలుపు గడియ చూసి, మళ్ళీ లేచి పొయ్యి ఆర్పానో లేదో చూసి పడుకున్నాను.

కునుకులో, ఏటి ఒడ్డున సన్నరేవులో మా పాత ఇంట్లో లేచాను. కిందటి కునుకు ఎక్కడ ఆగిందో సరిగ్గా అక్కడే. ఆశ్వయుజమాసం. రేకుల మీద వాన. ఫ్యాను టకటకమంటూ తిరుగుతోంది. నీలం ప్లాస్టిక్ బిందె గడప దగ్గర ఉంది. మావ, అంటే మా ఆయన, మంచం మీద కూర్చుని ఫోనుకి రీఛార్జి అయిపోయిందని తిట్టుకుంటున్నాడు. నాకు ముప్పైనాలుగేళ్ళు. మోకాళ్ళు నొప్పి లేవు. నెల రోజులు అక్కడే ఉన్నాను. నెత్తళ్ళ చేపలు ఎండబెట్టాను, వండాను, తిన్నాను. ఆ వాసన గురించి ఇప్పటి పిల్లలకి ఎలా చెప్పాలి? వాళ్ళకి చేపంటే రేషన్ డబ్బాలో వచ్చే పొడి.

లేచేసరికి పన్నెండు. నెలంతా ఉండి వచ్చినా, ఇక్కడ పొయ్యిమీది గంజి ఇంకా వేడిగానే ఉంది.

మొదటి కునుకు మావ పోవడానికి రెండేళ్ళకి కాస్త తక్కువ ముందు మొదలైంది; ఆయన పోయింది ఇరవైనాలుగో నెలలో. కునుక్కి ఒక నెల. పద్దెనిమిది అయ్యాయి. ఇంక ఆరు.

కునుకు 19

అచ్చియ్యమ్మ మా పక్కింటిది. నాకన్నా నాలుగేళ్ళు చిన్న. దానికి మబ్బు కునుకులో ఎప్పుడూ తొమ్మిదేళ్ళ వయసే. రోజంతా గేదెలు కాయడమే.

"కునికితే గేదెలు, లేత్తే వలలు. నాకీ జన్మకి సుకం నేదప్పా" అంది ఇవాళ వల పిండుతూ. "నీకేటమ్మా, మొగుడి దగ్గరకి ఎల్తావు."

"మొగుడి దగ్గరకి ఎల్లడం కాదే. దగ్గర పడతన్నాను" అన్నాను.

అది పిండడం ఆపింది. దానికి అర్థమైంది. ఈ పేటలో అందరికీ తెలుసు. పై వరసలో ఉండే ముసలాయన అలాగే కునుకుల్లో రోజులు దాటుకుంటూ భార్య పోయిన రోజుదాకా వెళ్ళాడు. ఇక లేవలేదు. వంటకేంద్రంలో పనిచేసే ఆవిడ తన కూతురు పోయిన రోజుదాకా వెళ్ళింది. ఆవిడ కూడా లేవలేదు. ఇద్దరూ ఊపిరి తీసుకుంటున్నారు, గంజి పోస్తే మింగుతున్నారు. తొమ్మిది నెలలుగా ఆరోగ్య కేంద్రంలో పక్కపక్క మంచాల మీద ఉన్నారు. ఆ రోజుని దాటలేక అక్కడే ఆగిపోయారని లిఖిత చెప్పింది.

కునుకులో మనం ఏమీ మార్చలేం. చేతులు అప్పుడు చేసినదే చేస్తాయి. నోరు అప్పుడు అన్నదే అంటుంది. కళ్ళు అప్పుడు చూసినవే చూస్తాయి. మనసు ఒక్కటే మనది. అది ఆగిపోతే ఇక్కడ మనిషి ఆగిపోతాడు.

ఇవాళ్టి నెలంతా మావ పడవకి తారు పూశాడు. సన్నరేవులో ఏరు దాటించే పడవ మాదే. ఒడ్డున కూర్చుని తారు డబ్బా మూత వెతికి ఇస్తూ నేను అన్న మాటలు నాకే నవ్వొచ్చాయి. చెయ్యి కాల్చుకుంటావు. ఆ చెక్క నానింది. గొడుగేది. మావ అన్నిటికీ "ఊ" అన్నాడు. ఆ "ఊ" వినడానికి ఇన్నేళ్ళు పట్టింది.

కునుకు లేదు

మబ్బు దిగింది గానీ నేను కునకలేదు. ఒక్కో కునుకూ ఆపితే ఆ రోజు దూరంగానే ఉంటుంది కదా అని నా ఆలోచన. పచ్చిమిరపకాయ నమిలాను. నిలబడ్డాను. అచ్చియ్యమ్మ నిద్ర లేచి వచ్చేసరికి నేను గోడ పట్టుకుని కన్నీళ్ళు కారుస్తూ నిలబడి ఉన్నాను.

"ఓలమ్మో, ఏటయిందప్పా? ఎవులు పోయినారు?"

"ఎవులూ పోలేదే. మిరపకాయ."

"మతోయిందేటి నీకు? డెబ్బయ్యారేళ్ళకి ఈ ఏసాలేటి!"

కడుపు మండిపోయింది. సాయంత్రం దాకా మజ్జిగ కోసం పేటంతా తిరిగాను. దొరకలేదు.

కునుకు 20

ఇవాళ మిరపకాయ కూడా పనిచెయ్యలేదు. నిలబడే కునికాను. పడి మోచెయ్యి గీరుకుపోయింది. అక్కడ మార్గశిరమాసం. ఇంక నాలుగు.

కునుకు 21

ఇవాళ పెద్ద గొడవ అయింది. ముందు నుంచీ రాస్తాను.

లిఖిత మోచేతికి మందు రాయడానికి సైకిలు మీద వచ్చింది. రాస్తూ రాస్తూ నా మొదటి నోటుపుస్తకం తిప్పింది. మొదటి పేజీ దగ్గర ఆగిపోయింది. మందు బుడ్డి కింద పెట్టేసింది.

"మామ్మా, మీ ఆయన ఎక్కడున్నారు?"

"ఎక్కడుంటాడమ్మా. పోయి నలభై రెండేళ్ళయింది."

"మరి ఇక్కడ ఇలా రాశావేంటి?"

చూపించింది. ఆ పేజీ ఆఫీసువాళ్ళు అచ్చు వేసింది. 'భర్త పేరు' అని ఉన్నచోట అచ్చియ్యమ్మ రాత ఉంది, 'గురువులు' అని. మొగుడి పేరు నేను నోటితో అనను, చేత్తో రాయను. దానికింద 'భర్త: కలడు / లేడు' అని ఉంది. నేను 'కలడు' చుట్టూ గుండ్రంగా గీశాను. గట్టిగానే గీశాను, కాగితం చిరిగేంత.

"కలలోనే కదమ్మా కనిపిస్తున్నాడు. కలడు అంటే కలలో ఉన్నవాడనే కదా?"

లిఖిత నన్ను చూసింది, పేజీని చూసింది. నవ్వబోయి ఆగిపోయింది. ఆమె కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

"కలడు అంటే ఉన్నాడని మామ్మా. బతికి ఉన్నాడని. పాత పుస్తకాల మాట. ఆఫీసువాళ్ళు అలాగే రాస్తారు."

"బతికున్నాడని రాయాలంటే 'ఉన్నాడు' అని రాయొచ్చు కదా! మూడో తరగతిలో ఈ మాట లేదమ్మా."

అప్పుడు సంగతి చెప్పింది. పోయినవాళ్ళ దగ్గరికి వెళ్ళేవాళ్ళందరికీ ఆఖరి రోజు రాకముందే ఆపు మాత్ర ఇస్తారట. ఆ మాత్ర వేసుకుంటే మబ్బు ఎంత దిగినా మామూలు కునుకే, ఎక్కడికీ వెళ్ళం. నా మొగుడు బతికే ఉన్నాడని రాశాను కనక నన్ను ఆ లెక్కలో చేర్చలేదు. పది కునుకుల క్రితమే ఇవ్వాల్సిన మాత్ర.

సంచీలోంచి తీసి నా చేతిలో పెట్టింది. పెసరబద్దంత ఉంది.

"మబ్బు దిగకముందే వేసేసుకో. నాకు మాట ఇవ్వు."

"ఏసుకుంటాలేమ్మా. ఆ కొండవాలులో మెల్లిగా దిగు. బ్రేకు పడుతోందా?"

"పడుతోంది మామ్మా. నువ్వు మాట ఇవ్వలేదు."

మాట ఇవ్వకుండా గంజి పోసి పంపేశాను. ఆమె కొండ దిగిపోయిన కాసేపటికి మబ్బు దిగింది. మాత్ర కొంగున ముడేసుకుని కునికాను. అక్కడ సంక్రాంతి ముగ్గులూ అవీ ఏమీ కనపడలేదు నాకు. నెలంతా మావ మొహమే చూశాను. కళ్ళు అటూ ఇటూ పోయినా నా మనసు అక్కడే ఉంది. ఇంక మూడు.

కునుకు 22

మాత్ర వేసుకోలేదు. లిఖితా, ఇది చదివి తిట్టుకోకు. ఎందుకో రాస్తాను. ఇంతవరకు అచ్చియ్యమ్మకి కూడా చెప్పలేదు. ఇవాళే చెప్పాను.

మావ పోయిన రోజు పొద్దున్న మేం పోట్లాడుకున్నాం. ఏరు రంగు బాగోలేదని, పడవ తియ్యొద్దని నేనన్నాను. అవతలి ఒడ్డున బడిలో పరీక్షలు, పిల్లలు ఇవతల రేవులో నిలబడి ఉంటారని తనన్నాడు. మాటా మాటా పెరిగింది. ఆఖరికి నేను ఒక మాట అన్నానని నా గుర్తు. "ఎల్తే ఎల్లు. రాపోతే మానీ." అన్నానా? అనుకున్నానా? అన్నట్టే గుర్తు. వినే దూరంలో ఉన్నాడా, వీధి మలుపు తిరిగిపోయాడా? అది గుర్తు లేదు. నలభై రెండేళ్ళలో కొన్ని రోజులు అన్లేదనుకుని అన్నం తిన్నాను. కొన్ని రోజులు అన్నాననుకుని మానేశాను.

పిల్లల్ని అవతలికి దింపాడు. ఖాళీ పడవతో తిరిగి వస్తుంటే ఏట్లోకి సముద్రం పోటెక్కింది. మూడో రోజున దొరికాడు.

మాత్ర వేసుకుంటే నాకెప్పటికీ తెలియదు. వేసుకోకపోతే ఆ మంచాల వరసలో మూడోదాన్ని అవుతాను.

అచ్చియ్యమ్మ అంతా వింది. ఆ తర్వాత, "అన్నావనే తెలిత్తే ఏటి సేత్తావప్పా?" అంది.

"తెలీదే."

"ఇన్నాడనే తెలిత్తే?"

నేను కొంగు ముడి తడుముకున్నాను. అది లేచి నా వంతు వలలు కూడా పిండేసింది. ఎప్పుడూ పిండదు.

కునుకు 23

ఫాల్గుణం. మామిడిపిందెలు, ఎండు చేపలు కలిపి వండాను. మావ మూడుసార్లు వడ్డించమన్నాడు. తిని, చెయ్యి కడుక్కుని, నా కొంగుకే తుడుచుకున్నాడు. "తుండుగుడ్డ నేదేటి?" అని అప్పుడు కసురుకున్నాను. ఇప్పుడు ఆ తడి చల్లగా తెలిసింది. నెలంతా ఏమీ జరగలేదు. ఏమీ జరగని నెల ఇంత బాగుంటుందని అప్పుడు తెలియలేదు. ఆకాశాన్ని చూసి బెంగ, బియ్యాన్ని చూసి బెంగ, ఆయన దగ్గితే బెంగ. బెంగల మధ్యలోంచి నెల వెళ్ళిపోయింది.

లేచాక లిఖిత వచ్చింది. కొంగు ముడి చూసింది. "వేసుకోలేదు కదూ" అంది. అవునన్నాను. అరిచింది. నేనూ అరిచాను. ఆ పిల్లకి పాతికేళ్ళు. అరిచి అరిచి ఏడ్చేసింది. అయినా మాత్ర వేసుకోలేదు.

"నువ్వు లేవకపోతే నేనే గంజి పొయ్యాలి, తెలుసా?" అంది.

"ఉప్పు తగ్గించి పొయ్యమ్మా. నాకు బీపీ."

నవ్వింది గానీ ఏడుపు ఆగలేదు. మబ్బు దిగిన రోజు పక్కనే కూర్చుంటానంది.

కునుకు 24

ఇది రాస్తున్నది నేనే. లేచాను.

పన్నెండుంపావుకి మబ్బు దిగింది. లిఖిత మందు వాసన పీల్చి మెలకువగా ఒక పక్క కూర్చుంది. అచ్చియ్యమ్మ కూడా మేలుకుంటానని ప్రమాణం చేసి, నాకన్నా ముందే గుర్రుపెట్టింది.

అక్కడ ఆ పొద్దు వచ్చింది. ఏరు బూడిదరంగులో ఉంది. మావ చొక్కా తొడుక్కుంటున్నాడు. నా నోరు మొదలెట్టింది. అడ్డుకోవాలని ఎంత అనుకున్నా ఆగలేదు.

"ఆ రంగు సూడు. ఇయాల తియ్యకు మావా."

"పరీచ్చలే. పిల్లలు ఈదురుగాల్లో నిలబడతారు."

"పిల్లలకి బస్సు నేదేటి?"

"సుట్టూ తిరిగి పద్నాలుగు మైళ్ళు. నువ్వు కట్టించీసినావేటి వంతెన?"

"టార్చి లైటు?"

"పొద్దున పూట టార్చీ ఎందుకే!"

"ఆ పక్క సెక్క?"

"తారు పూసినాను కదా. నువ్వే మూత పట్టుకున్నావు."

అంతా ఇదే. పోట్లాట అని నేను గుర్తుంచుకున్నది ఇదే. ఇప్పుడు విన్నాను కదా, ఇది పోట్లాటలా లేదు. మావ మొహంలో కోపం లేదు. అప్పుడు నా కళ్ళు చూశాయి గానీ నేను చూడలేదు. ఒక్కో ప్రశ్నకీ ఆగుతున్నాడు. నేను ఇంకేమడుగుతానా అని చూస్తున్నాడు.

గడప దాటాడు. నా నోరు అంది. గట్టిగానే అంది.

"ఎల్తే ఎల్లు. రాపోతే మానీ!"

అన్నాను. ఇంక అనుమానం లేదు. అని, గిరుక్కున తిరిగి పెరట్లోకి వెళ్ళిపోయాను. గిన్నెలన్నీ తెచ్చి కుళాయి కింద పడేశాను. ఆ చప్పుడులో అప్పుడు నాకింకేమీ తెలియలేదు. కానీ చెవులు చెవులే కదా. అవి విన్నాయి. నలభై రెండేళ్ళు దాచిపెట్టాయి. ఇవాళ గిన్నెల చప్పుడుని పక్కకి నెట్టి విన్నాను. వీధిలోంచి మావ గొంతు. నవ్వుతోంది.

"రాపోతే బెంగెట్టుకోడానికి నీకింకెవులున్నారే, ఎర్రిమొకమా!"

అంతే. తర్వాత చెప్పుల చప్పుడు.

అక్కడ ఆగిపోదామనుకున్నాను. దాచను. ఆ ఇద్దరూ ఎందుకు లేవలేదో నాకు అర్థమైంది. ఆ నవ్వు దగ్గర కూర్చుంటే చాలు, ఇంకేం అక్కర్లేదు. గిన్నె చేతిలో ఆగింది. నీళ్ళు కుళాయికీ గిన్నెకీ మధ్య నిలబడిపోయాయి. కాకి గాలిలో నిలబడింది. ఎంత హాయిగా ఉందో రాయలేను.

అప్పుడు పిల్లలు గుర్తొచ్చారు. పరీక్ష పిల్లలు. ఒడ్డున ఈదురుగాల్లో నిలబడి ఉన్నారు. పలకల వయసు కాదు, పెద్ద పరీక్ష. నేనిక్కడ ఆగితే మావ రేవుదాకా వెళ్ళడు. మావ వెళ్ళకపోతే వాళ్ళు అవతలికి చేరరు. అందులో ఒకమ్మాయికి జ్వరమని ముందురోజే అన్నారు. ఎంతసేపు నిలబడుతుంది ఆ పిల్ల? గంట కొడితే లోపలికి రానిస్తారా? ఇవన్నీ ఎప్పుడో అయిపోయినవని నాకు తెలుసు. వాళ్ళకిప్పుడు యాభై ఆరేళ్ళుంటాయి. అయినా మనసు ఒప్పుకోలేదు.

వెళ్ళు మావా అన్నాను. నోటితో కాదు, నోరు నాది కాదు కదా. మనసులో అన్నాను. నీళ్ళు గిన్నెలో పడ్డాయి. కాకి వెళ్ళిపోయింది.

ఆ తర్వాతి బాధంతా మళ్ళీ పడ్డాను. మధ్యాహ్నం జనం పరుగులు. పిల్లలందరూ చేరారని ఎవరో అరిచారు. మావ గురించి ఎవరూ అరవలేదు, నా వైపు చూశారు. మూడు రోజులూ పడ్డాను. పదకొండో రోజూ పడ్డాను. నెల నిండింది. లేచాను.

లిఖిత నా రెండు బుగ్గలూ పట్టుకుని ఊపేస్తోంది. "మామ్మా! మామ్మా! నా పేరు చెప్పు!"

"నీ పేరు నీకు తెలీదేటి? మందు వాసన అంతసేపు పీలిస్తే తలనొప్పి రాదూ?"

అచ్చియ్యమ్మ లేచి కళ్ళు నులుముకుంటూ, "ఏటప్పా, అన్నావా?" అంది.

"అన్నాను."

"ఇన్నాడా?"

"ఇన్నాడే" అన్నాను. ఆ మాట అనేసరికి ఏడుపొచ్చింది. మావ పోయినప్పుడు కూడా ఇంత ఏడవలేదు. మావ అన్న మాట వాళ్ళకి చెప్పాను. అచ్చియ్యమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. నేనూ నవ్వాను. లిఖితకి మేం ఏడుస్తున్నామో నవ్వుతున్నామో తెలియక రెండు గ్లాసుల నీళ్ళు ఇచ్చింది.

నంబరు లేదు

ఇవాళ మబ్బు దిగింది. కునికాను. ఎక్కడికీ వెళ్ళలేదు. తెల్లగా ఉంది, అంతే. లేచాక చెవులు ఫ్యాను చప్పుడు కోసం వెతుక్కున్నాయి. కాసేపు మంచం మీదే కూర్చున్నాను.

తర్వాత అచ్చియ్యమ్మ దగ్గు వినిపించింది. నాలుగు రోజులనుంచి పొడిదగ్గు. కషాయం కాచి ఇస్తే చేదని పారబోసింది. పారబోస్తుంటే చూశాను. మళ్ళీ కాచాను, పక్కన నిలబడి తాగించాను.

లిఖిత నోటుపుస్తకం తీసుకోవడానికి వచ్చింది. ఇంక రాయక్కర్లేదు, ఈ పేజీ పూర్తి చేసి మళ్ళీ వచ్చినప్పుడు ఇచ్చెయ్యమంది. ఇంకో కొండమీది పేటలో ఎవరో మిరపకాయలు నములుతున్నారట, అక్కడికి వెళ్ళాలట. కునుకు మబ్బు తేలిపోయాక మిగిలిన మామూలు మంచులో సైకిలెక్కింది. నేను గుమ్మంలోకి వెళ్ళాను.

"ఆ మలుపులో దిగి నడిపించు! రాళ్ళు తడిసినాయి! ఏటైనా తిన్నావా పొద్దున? ఆ బ్రేకు ఎవులికైనా సూపించు!"

మంచులో ఏమీ కనపడలేదు. అచ్చియ్యమ్మ వచ్చి నా పక్కన నిలబడింది.

"ఆ గుంట ఎప్పుడో ఎల్లిపోయింది. ఎవులితో మాటాడతన్నావప్పా?"

"ఎల్తే ఎల్లనీ" అన్నాను. "ఇనపడతాదిలే."